బెజవాడ రేడియోలో పాడే హక్కు ఎవరిది?

(మహిళా కార్యకర్తల శిక్షణా శిబిరంలో చేసిన ప్రసంగ పాఠం)



రెండు రోజులుగా మనం ఇక్కడ ఆస్తి హక్కు గురించి, మనోవర్తి గురించి, కూలి రేట్ల గురించి, ఇళ్ళల్లో జరిగే హింస గురించి మాట్లాడుకుంటున్నాం. ఇప్పుడు నేను లేచి రేడియో గురించీ శాస్త్రీయ సంగీతం గురించీ మాట్లాడతానంటే, "ఇదేమిటి, హక్కుల శిబిరంలో పాట కచేరీయా?" అని మీలో కొందరికి అనిపించవచ్చు. నిన్న భోజనాల దగ్గర ఒకావిడ నన్ను ఆ మాటే అడిగింది కూడా. అడగవలసిన మాటే.

నలుగురిలో నోరు విప్పి మాట్లాడటం స్త్రీకి ఎంత కష్టమో మనకి తెలుసు. పాడటం ఇంకా కష్టం. ఆడదాని గొంతు వీధి గుమ్మం దాటకూడదని నమ్మే సమాజంలో, ఒక చిన్న పట్నంలో పెట్టిన రేడియో స్టేషను కొంతమంది స్త్రీల గొంతుని జిల్లాలు దాటించింది. అదే రేడియో మరికొంతమంది స్త్రీలు తన గడప ఎక్కలేని పరిస్థితుల్లో పుట్టింది. ఎవరు లోపలికి వెళ్ళగలిగారు, ఎవరు బయటే ఉండిపోయారు, ఎందుకు అన్నది తేల్చుకుంటే, అది మనం రోజూ చేసే పనికి పనికొస్తుందని నా నమ్మకం.

ముందు ఆ స్టేషను కథ చెప్తాను. మన దక్షిణాదిలో రేడియో 1924లో మద్రాసులో మొదలైంది. ప్రభుత్వం కాదు, కొంతమంది ఉత్సాహవంతులు కలిసి క్లబ్బు పెట్టుకుని నడిపారు. మూడేళ్ళకి డబ్బు లేక ఆగిపోయింది. 1930లో మద్రాసు కార్పొరేషను దాన్ని మళ్ళీ నడిపింది. 1935లో మైసూరులో ఒక ప్రొఫెసరు తన ఇంట్లోనే చిన్న ట్రాన్స్‌మిటరు పెట్టి ప్రసారాలు చేశారు. దానికే ఆకాశవాణి అని పేరు. 1936లో ఆలిండియా రేడియో అన్న పేరు వచ్చింది. 1938లో మద్రాసు స్టేషను ఆ సంస్థ కిందికి వచ్చింది. అక్కడ తమిళమూ తెలుగూ ఒకే స్టేషనులో సర్దుకోవాలి. హైదరాబాదులో నిజాము రేడియో ఉండేది, అందులో ఉర్దూదే పెద్దపీట. దేశానికి స్వతంత్రం వచ్చేసరికి మన వాటాకి వచ్చినవి ఆరు స్టేషన్లు. అందులో తెలుగు నేల మీద ఒక్కటీ లేదు.

1948 డిసెంబరు 1న బెజవాడ స్టేషను మొదలైంది. 1951 జనాభా లెక్కల ప్రకారం బెజవాడలో లక్షా అరవై వేల మంది ఉన్నారు. రైల్వే జంక్షను, కాలవలు, కూరగాయల బజారు, అచ్చాఫీసులు. మద్రాసుతో పోలిస్తే పల్లెటూరి కిందే లెక్క. అలాంటి ఊళ్ళో పుట్టిన రేడియో కొద్ది ఏళ్ళలోనే కర్ణాటక సంగీతానికి తెలుగునాట పెద్ద నిలయమైంది. మంగళంపల్లి బాలమురళీకృష్ణ అక్కడ పనిచేశారు. ఓలేటి వెంకటేశ్వర్లు పనిచేశారు. బాలాంత్రపు రజనీకాంతరావు అక్కడ డైరెక్టరుగా ఉన్నారు. పొద్దున్నే వచ్చే భక్తిరంజని, సంగీత శిక్షణ, ఈ మాసపు పాట - ఈ పేర్లు వింటే ఇక్కడ కూచున్న పెద్దవాళ్ళలో చాలామందికి తమ ఇంటి వంటగది గుర్తొస్తుంది.

వంటగది అని ఊరికే అనలేదు. మొదట్లో రేడియో స్త్రీలది కాదు. అది పెద్ద పెట్టె, ఖరీదైనది, ముందు గదిలో ఉండేది. దానికి పోస్టాఫీసులో లైసెన్సు కట్టాలి. పల్లెల్లో అయితే పంచాయతీ రేడియో. సాయంత్రం మగవాళ్ళు అరుగు మీద చేరి వినేవాళ్ళు. ఆడవాళ్ళు దూరంగా, పనుల మధ్యలో, చెవిన పడ్డంత మటుకే వినాలి. అరవయ్యో దశకంలో ట్రాన్సిస్టర్లు ఊళ్ళల్లోకి వచ్చాక రేడియో ముందు గదిలోంచి వంటింటి అలమరలోకి వచ్చింది. వినే హక్కు కూడా మనకి అలా ఆలస్యంగానే వచ్చింది.

ఇక పాడే హక్కు సంగతి. బెజవాడలో స్టేషను పెట్టేనాటికి మన ఊళ్ళల్లో బహిరంగంగా పాడే స్త్రీలు ఎవరు? గౌరవమైన ఇళ్ళు అనుకునే చోట ఆడపిల్లకి సంగీతం నేర్పించేవారు, పెళ్ళిచూపుల్లో ఒక కీర్తన పాడించడానికి. పెళ్ళయ్యాక పేరంటంలో మంగళహారతి. అంతటితో సరి. పొలంలో నాట్లు వేస్తూ, తిరగలి తిప్పుతూ పాడే స్త్రీలు లక్షలమంది ఉన్నారు గాని, దాన్ని ఎవరూ సంగీతం అనలేదు. సంగీతం అని ఒప్పుకున్నదాన్ని వృత్తిగా, నలుగురి ముందు, డబ్బు తీసుకుని పాడింది కళావంతుల స్త్రీలు. గుళ్ళలో, జమీందార్ల కొలువుల్లో, పెళ్ళి మేజువాణీల్లో పాడిందీ ఆడిందీ వాళ్ళే. క్షేత్రయ్య పదాలనూ జావళీలనూ తరాలుగా కంఠంలో దాచి ఉంచినవాళ్ళలో వాళ్ళు ముందువరసలో ఉన్నారు. గ్రామఫోను రికార్డులు వచ్చిన కొత్తలో ధైర్యంగా వెళ్ళి పాడిన స్త్రీలలో ఎక్కువమంది అటువంటి కుటుంబాల నుంచి వచ్చినవాళ్ళే.

బెంగుళూరు నాగరత్నమ్మ గారి పేరు మీకు తెలుసు. ముద్దుపళని రాసిన రాధికా సాంత్వనాన్ని 1910లో పూర్తిగా అచ్చువేయించి, ప్రభుత్వ నిషేధాన్ని ఎదుర్కొన్నావిడ. ఆవిడే 1920లలో తన సొమ్ముతో తిరువయ్యారులో త్యాగరాజ సమాధికి గుడి కట్టించారు. అయినా అక్కడి ఆరాధనలో స్త్రీలకి పాడే చోటు లేకపోతే, స్త్రీలను కూడగట్టి విడిగా ఆరాధన జరిపించారు. గుడి కట్టించిన మనిషికే ఆ గుడి ముందు పాడే హక్కు కోసం పోట్లాడవలసి వచ్చింది.

ఇప్పుడు మూడు సంవత్సరాలు వరసగా గుర్తుపెట్టుకోండి. 1946, 1947, 1948.

1946లో తాత్కాలిక ప్రభుత్వంలో సమాచార ప్రసార శాఖ సర్దార్ పటేల్ చేతిలో ఉంది. వ్యక్తిగత జీవితం లోకంలో అపవాదుకి గురైన వారిని రేడియోలో పాడనివ్వకూడదని ఆయన ఆదేశం ఇచ్చినట్టు ప్రసార చరిత్ర రాసినవాళ్ళు నమోదు చేశారు. ఆ మాటలు ఎవరిని ఉద్దేశించినవో విడమరిచి చెప్పనక్కర్లేదు. ఉత్తరాదిలో అంతవరకూ రేడియోలో పాడుతున్న తవాయిఫ్ స్త్రీలకి ఆ దెబ్బ తగిలింది. అపవాదు అనేది మన సమాజంలో మగవాడిని అంటుకోదు. ఎన్ని ఇళ్ళు పెట్టుకున్నా అతను విద్వాంసుడే. ఆ ఇళ్ళల్లో ఉన్న స్త్రీ మాత్రం అపవాదు అవుతుంది.

1947లో మద్రాసు రాష్ట్రంలో దేవదాసీ నిషేధ చట్టం వచ్చింది. డాక్టర్ ముత్తులక్ష్మీ రెడ్డి ఇరవయ్యో దశకం చివరి నుంచి దానికోసం పాటుపడ్డారు. మన ఆంధ్ర జిల్లాల్లో యామినీ పూర్ణతిలకమ్మ వంటివారు పనిచేశారు. చిన్నపిల్లలని గుడికి అంకితం చేసి, ఆ పేరుతో డబ్బున్నవాళ్ళకి అప్పజెప్పే దురాచారాన్ని ఆపవలసిందే. దానిలో రెండో మాట లేదు. అయితే చట్టం ఆచారాన్ని ఆపింది గాని, ఆ స్త్రీల చేతిలో ఉన్న విద్య ఏం కావాలో చెప్పలేదు. ఆట మానెయ్యమంది, పాట మానెయ్యమని లోకం అంది. బదులుగా బతుకుతెరువు చూపించడం ఎవరి బాధ్యతా కాలేదు. సంస్కరణ పేరుతో స్త్రీ జీవనాధారం పోయినప్పుడల్లా మనం వెయ్యవలసిన ప్రశ్న ఇదే. సారా అంగళ్ళ దగ్గర, బీడీ కార్ఖానాల దగ్గర మనం ఇదే ప్రశ్న వేశాం.

1948లో బెజవాడ రేడియో వచ్చింది. ఒక తలుపు మూసుకున్న మరుసటి ఏడాదే మరో తలుపు తెరుచుకుంది. కాని మొదటి తలుపు వెనకాల ఉన్న స్త్రీలూ, రెండో తలుపులోంచి లోపలికి వెళ్ళిన స్త్రీలూ చాలా మటుకు ఒకరు కారు.

బెజవాడ స్టేషనులో ఫలానా ఆవిడని కులం అడిగి వెనక్కి పంపారని నేను అనడం లేదు. పంపనక్కర్లేదు. మనిషే రాకుండా చేసే పద్ధతులు వేరే ఉంటాయి. సుమారు పాతికేళ్ళ క్రితం, గోదావరి జిల్లాలో ఒక పల్లెకి వృద్ధాప్య పింఛన్ల అర్జీలు రాయించడానికి వెళ్ళాను. ఒక పెద్దావిడ పెంకుటింటి అరుగు మీద కూచుని ఉంది. లోపల ట్రాన్సిస్టరులో ఎవరో పదం పాడుతున్నారు. ఆవిడ తొడ మీద తాళం వేస్తూ, ఒక చోట ఆగి, "ఇక్కడ అలా తొందరపడకూడదు" అంది తనలో తనే అనుకున్నట్టు.

"మీరు పాడతారా మామ్మగారూ?" అని అడిగాను.

"పాడేదాన్నమ్మా. మా అమ్మ మేళంలో పాడేది. నాకు నేర్పింది."

"మరి రేడియోకి ఎప్పుడూ వెళ్ళలేదా?"

ఆవిడ నా చేతిలో అర్జీ కాగితం వంక చూపించింది. "ఇందాక నన్ను ఏం అడిగావు తల్లీ? తండ్రి పేరు చెప్పు, మొగుడి పేరు చెప్పు అన్నావు. ఏ సర్కారు కాగితం ముట్టుకున్నా అదే అడుగుతారు. నేనేం చెప్పను? ఊళ్ళో తలొంచుకుని బతుకుతున్నాం, మళ్ళీ పేరెత్తి పాడటం ఎందుకని మా అన్నదమ్ములే వద్దన్నారు."

నాకు సిగ్గేసింది. ఆ ప్రశ్న అడిగింది నేనే. హక్కులు ఇప్పిద్దామని వెళ్ళిన నా చేతిలోనే, ఆవిడని యాభై ఏళ్ళు గడప దాటనివ్వని ప్రశ్న ఉంది.

రేడియో అప్పట్లో స్త్రీలకి చేసిన మేలు కూడా చెప్పాలి. చెప్పకపోతే అన్యాయం. సభలో పాడాలంటే స్త్రీ వేదిక ఎక్కి కూచోవాలి, వందమంది మగవాళ్ళు ఆవిడ చీరా నగలూ కూచున్న తీరూ చూస్తారు. రేడియోలో శరీరం కనపడదు, గొంతే వినపడుతుంది. తలుపు వేసిన స్టూడియో, ప్రభుత్వ ఉద్యోగస్తులు, పగటిపూట పని. అందుకే "మా అమ్మాయి రేడియోలో పాడుతుంది" అని చెప్పుకోవడానికి మధ్యతరగతి ఇంటికి అభ్యంతరం లేకపోయింది. డి.కె. పట్టమ్మాళ్ కూడా చిన్నతనంలో ముందు మద్రాసు కార్పొరేషను రేడియోలో పాడి, ఆ తర్వాత 1932లో సభలో పాడారు. రేడియో ఒక మెట్టు అయింది.

ఇంకొకటి. రేడియోలో పాడితే కాంట్రాక్టు కాగితం స్త్రీ పేరు మీద వస్తుంది. పారితోషికం చెక్కు ఆవిడ పేరు మీద వస్తుంది. ఫలానావారి భార్య అని కాదు, ఆవిడ సొంత పేరు. ఆ పేరు ప్రసారానికి ముందు గాలిలో వినపడుతుంది. ఇంటి పనికి పేరూ లేదు, జీతమూ లేదు అని మనం ఉపన్యాసాల్లో చెప్తాం. పేరూ జీతమూ రెండూ వచ్చిన పని దొరికినప్పుడు స్త్రీ ఎలా నిటారుగా నిలబడుతుందో ఆ తరం కళాకారిణులని చూసి తెలుసుకోవచ్చు.

వాళ్ళలో శ్రీరంగం గోపాలరత్నం గారిది ముందు చెప్పుకోవలసిన పేరు. 1939లో విజయనగరం ప్రాంతంలో పుట్టారు. బెజవాడ స్టేషనులో నిలయ విద్వాంసురాలు. కీర్తనలే కాదు, పదాలు, జావళీలు, యక్షగానాలు, ఎంకి పాటలు - ఏది పాడినా ఆవిడదే అనిపించే గొంతు. తర్వాత ప్రభుత్వ సంగీత కళాశాలకి ప్రిన్సిపాలయ్యారు. 1992లో పద్మశ్రీ వచ్చింది, 1993లో పోయారు. ఒక స్త్రీ తన గొంతుతోనే సంపాదించుకుని, తన పేరుతోనే బతికి, విద్యార్థులని తయారు చేసి వెళ్ళింది. రేడియో లేకపోతే అది ఆ కాలంలో అంత సులువు కాదు.

మరో మేలు సంగీత శిక్షణ కార్యక్రమం. ఓలేటి వెంకటేశ్వర్లు గారు స్టూడియోలో ఒక్కొక్క సంగతీ చెప్పి శిష్యుల చేత అనిపించేవారు. గురువు ఇంటికి పంపించడానికి ఇష్టపడని ఇళ్ళలో ఆడపిల్లలు రేడియో ముందు కూచుని నేర్చుకున్నారు. వారిలో నేనూ ఒకదాన్ని. నోటు పుస్తకంలో సాహిత్యం గబగబా రాసుకునేదాన్ని, రాయలేకపోయిన మాట మళ్ళీ వారం వచ్చేదాకా ఖాళీగా ఉండేది. ఫీజు లేదు, కులం అడిగేవాళ్ళు లేరు, పెళ్ళయిందా అని అడిగేవాళ్ళు లేరు. వినే దగ్గర ఆ స్వేచ్ఛ ఉంది. పాడే దగ్గరికి వెళ్ళేసరికే అడ్డాలన్నీ మొదలవుతాయి. పద్దెనిమిదేళ్ళప్పుడు ఆడిషనుకి వెళ్తానంటే మా ఇంట్లో "సంబంధాలు చెడిపోతాయి" అన్నారు. అంతటితో అయిపోయింది. అందువల్లే నేనివాళ మీ ముందు పాడటం లేదు, మాట్లాడుతున్నాను.

ఆడిషను అన్నాను కదా. 1952 నుంచి 1962 దాకా ప్రసార శాఖ మంత్రిగా బి.వి. కేస్కర్ ఉన్నారు. ఆయన కాలంలోనే ఆడిషను బోర్డులూ గ్రేడులూ దేశమంతటా బలపడ్డాయి. 1952లోనే శాస్త్రీయ సంగీతానికి జాతీయ కార్యక్రమం మొదలైంది. సినిమా పాటలని బాగా తగ్గించేస్తే జనం సిలోన్ రేడియో వైపు తిరిగారు. చివరికి 1957లో వివిధ భారతి పెట్టవలసి వచ్చింది. అంతకుముందు 1940లో హార్మోనియాన్ని రేడియోలో నిషేధించారు. ఆ నిషేధం 1971 దాకా సాగింది. మన పద్యనాటకాల వాళ్ళకి హార్మోనియం లేకుండా పాటే లేదు. అంటే ఏది గౌరవమైన సంగీతం, ఏది కాదు అని ఢిల్లీలో కూచున్నవాళ్ళు తేల్చేవారు.

గ్రేడుల పద్ధతిలో మంచి ఉంది. సిఫారసు లేని అమ్మాయికి కూడా అర్జీ పెట్టుకునే దారి ఏర్పడింది. అదే సమయంలో తరాలుగా ఇంట్లో నేర్చుకున్న విద్యని, పాఠశాలలో వరసగా నేర్చుకున్న విద్య పరీక్షించే పద్ధతి అది. ఎవరి విద్యకి గుర్తింపు సులువుగా దొరుకుతుందో ఊహించవచ్చు.

మిత్రులారా, ఇందులో ఒక విచిత్రం గమనించండి. కళావంతుల స్త్రీలు గౌరవమైనవాళ్ళు కారు, కాని వాళ్ళ పదాలూ జావళీలూ గౌరవమైనవి అయ్యాయి. పాటని లోపలికి తీసుకుని, పాట నేర్పిన మనిషిని బయట నిలబెట్టారు. ఈ మాట గోపాలరత్నం గారి వంటి వారిని తప్పుపట్టడానికి అనడం లేదు. ఆవిడ పాడబట్టే మనం విన్నాం. ఇద్దరు స్త్రీల మధ్య పోటీ పెట్టి, ఒకరిని మంచిదానిగా, ఒకరిని చెడ్డదానిగా విడదీసింది ఆ ఇద్దరూ కాదు. పితృస్వామ్యం ఎప్పుడూ చేసే పని అదే. ఎం.ఎస్. సుబ్బులక్ష్మి గారు కూడా దేవదాసీ కుటుంబంలో పుట్టారు. 1940లో పెళ్ళి జరిగింది. ఆ తర్వాత దేశం ఆవిడని గృహిణిగానూ భక్తురాలిగానూ చూసి నెత్తిన పెట్టుకుంది. అంత గొప్ప గొంతుకి కూడా పెళ్ళి ఒక సర్టిఫికెట్టులా కావలసి వచ్చిందంటే మామూలు మనిషి గతి ఏమిటి?

జానపద గీతాల విషయంలో కూడా ఇలాంటిదే జరిగింది. వింజమూరి సీత, అనసూయ అక్కచెల్లెళ్ళు పల్లెపాటలని సేకరించి, స్వరపరచి, మద్రాసు రేడియో ద్వారా అందరికీ వినిపించారు. వాళ్ళు ఆ పని చెయ్యకపోతే ఎన్నో పాటలు పోయేవి. వాళ్ళకి మనం రుణపడి ఉన్నాం. అయితే ఆ పాటలు కట్టిన నాట్ల కూలీలకి, రోకటి ముందు నిలబడ్డ ఆడవాళ్ళకి మైకు ముందు నిలబడే అవకాశం చాలా అరుదు.

ఇక ఉద్యోగం చేసిన స్త్రీల మాట. రేడియోలో వాద్యం వాయించేవాళ్ళు, పాడేవాళ్ళు, నాటకాల్లో వేసేవాళ్ళు, అనౌన్సర్లు చాలాకాలం స్టాఫ్ ఆర్టిస్టులు. అంటే కాంట్రాక్టు మనుషులు. పక్క గదిలో గుమాస్తాకి ఉన్న భద్రత స్టూడియోలో విద్వాంసురాలికి లేదు. ఎన్నో ఏళ్ళు అడిగాక 1980లలో వాళ్ళని ప్రభుత్వోద్యోగులుగా చేశారు. ఆ తర్వాత ఖాళీ అయిన ఉద్యోగాలు నింపడం తగ్గిపోయి, క్యాజువల్ అనౌన్సర్లతో నడిపించడం పెరిగింది. వాళ్ళకి నెలకి ఇన్ని డ్యూటీలని పరిమితి. డ్యూటీ ఉంటే డబ్బు, లేకపోతే లేదు. ప్రసూతి సెలవు అనే మాట వాళ్ళకి కథలో మాట. వాళ్ళలో స్త్రీలు చాలామంది. కమ్మగా మాట్లాడే ఆ గొంతు వెనక వచ్చే నెల డ్యూటీ దొరుకుతుందో లేదో అన్న భయం ఉంటుందని వినేవాళ్ళకి తెలియదు.

డ్యూటీ వేసే మనిషి చేతిలో బతుకు ఉన్నచోట లైంగిక వేధింపు ఎలా పుడుతుందో మీకు నేను చెప్పనక్కర్లేదు. ఒక్క విషయం గుర్తుంచుకోండి. 1997లో విశాఖ తీర్పు, 2013లో చట్టం వచ్చాయి. ఆ చట్టం పర్మినెంటు ఉద్యోగినికే కాదు, తాత్కాలికంగా, రోజువారీగా, కాంట్రాక్టు మీద పనిచేసే స్త్రీకి కూడా వర్తిస్తుంది. "నువ్వు మా ఉద్యోగివే కాదు, ఫిర్యాదు ఎలా చేస్తావు?" అని ఎవరైనా అంటే ఆ మాట చెల్లదు. మీ ఊళ్ళో రేడియోలో, కేబుల్ టీవీలో, ఎఫ్.ఎం.లో పనిచేసే అమ్మాయిలకి ఈ సంగతి చెప్పండి.

ఇప్పుడు కథలో పెద్ద మలుపు. 1995 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు క్రికెట్ ప్రసారాల కేసులో తీర్పు చెప్తూ, గాలిలో వెళ్ళే తరంగాలు ప్రజల ఆస్తి అంది. ప్రభుత్వం సొత్తు కాదు, కంపెనీల సొత్తూ కాదు. మనం చెరువు మీద, బంజరు మీద, అడవి మీద ప్రజల హక్కు అంటామే, గాలి మీద కూడా అలాంటి హక్కు ఉందన్నమాట. కాగితం మీద ఉన్న ఆ హక్కు చేతికి రావడానికి చాలా ఏళ్ళు పట్టింది. స్వచ్ఛంద సంస్థలు రేడియో పెట్టుకోవచ్చని 2006లో ప్రభుత్వం ఒప్పుకుంది.

2008 అక్టోబరు 15న జహీరాబాదు దగ్గర మాచ్నూరులో సంగం రేడియో ప్రసారాలు మొదలయ్యాయి. డక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత స్త్రీలు నడిపే రేడియో అది. పొలం పని చేసుకునే నర్సమ్మలు ఇద్దరు రికార్డింగు యంత్రాలు నేర్చుకుని స్టేషను నడిపారు. లైసెన్సు రాకముందు ఏళ్ళ తరబడి వాళ్ళు కార్యక్రమాలు రికార్డు చేసి, క్యాసెట్లు సంఘాల్లో వినిపించుకున్నారు. విత్తనాల గురించి, జొన్నల గురించి, పిల్లల గురించి వాళ్ళ యాసలో వాళ్ళే మాట్లాడారు. పండుగ పాటలు వాళ్ళే పాడారు. మీ భాష రేడియోకి పనికిరాదని అనేవాళ్ళు అక్కడ లేరు. ఆడిషను బోర్డు లేదు.

బెజవాడ నుంచి మాచ్నూరుకి వచ్చేసరికి అరవై ఏళ్ళు పట్టింది. మొదటిదానిలో స్త్రీని పాడటానికి రానిచ్చారు. రెండోదానిలో తలుపు తాళంచెవి స్త్రీ చేతిలోనే ఉంది. రెండూ కావాలి. ఒక మనిషి ఏళ్ళ తరబడి సాధన చేసిన సంగీతాన్ని పోషించడానికి ప్రభుత్వ రేడియో కావాలి. మార్కెట్టు ఆ పని చెయ్యదు. ఎవరి అనుమతీ అడక్కుండా మన మాట మనం చెప్పుకోవడానికి మన రేడియో కావాలి.

చివరగా, ఇక్కడి నుంచి వెళ్ళాక మనం చెయ్యగలిగిన పనులు మూడు చెప్తాను.

మొదటిది, మీ ఊళ్ళల్లో డెబ్బయ్యో ఎనభయ్యో దాటిన స్త్రీల దగ్గరికి వెళ్ళండి. రేడియోలో పాడినవాళ్ళు, పాడాలనుకుని పాడలేకపోయినవాళ్ళు, మేళాల్లో పాడిన తల్లుల పిల్లలు - వాళ్ళ మాట, పాట రికార్డు చెయ్యండి. ఇప్పుడు అందరి చేతిలో ఫోను ఉంది, దానికి ప్రాజెక్టు డబ్బు అక్కర్లేదు. కాని ముందు వాళ్ళ అనుమతి అడగండి. ఏ పేరు పెట్టాలో, అసలు పెట్టాలో వద్దో వాళ్ళనే అడగండి. ఆ కుటుంబాలు పేరు దాచుకుని బతికిన కారణాలు ఇంకా పూర్తిగా పోలేదు.

రెండవది, పాత రికార్డింగుల సంగతి. టేపులు ఖరీదని ఒకదాని మీద ఒకటి రికార్డు చేసిన రోజులున్నాయి. మిగిలినవాటిలో స్త్రీల గొంతులు ఎన్ని ఉన్నాయో జాబితా ఇమ్మని 2005 సమాచార హక్కు చట్టం కింద అడగవచ్చు. కాపీరైటు చట్టానికి 1994లో వచ్చిన సవరణతో పాడేవారికీ వాయించేవారికీ హక్కులు వచ్చాయి. 2012 సవరణతో, ప్రదర్శించినవారిగా తమ పేరు చెప్పమని అడిగే హక్కు కూడా చట్టంలోకి వచ్చింది. అజ్ఞాత గాయని అని రాసిన చోటల్లా, పేరు వెతికారా అని మనం అడగాలి.

మూడవది, మన సొంత కాగితాలు. మన సంస్థల్లో మనం వాడే సర్వే ఫారాలు, అర్జీలు, సభ్యత్వ పుస్తకాలు తీసి చూడండి. తండ్రి లేక భర్త పేరు అనే గడి వాటిలో ఉందా? ఉంటే ఎందుకుందో ఆలోచించండి. ప్రభుత్వం అడిగే చోట మనం కొట్లాడాలి. మనం అడిగే చోట మనమే కొట్టెయ్యవచ్చు.

ఆ పెద్దావిడకి పింఛను వచ్చింది. అర్జీలో ఆ గడిలో తల్లి పేరు రాయించాం. ఆఫీసులో ఒకటికి నాలుగుసార్లు తిప్పారు, మేమూ నాలుగుసార్లు వెళ్ళాం. మంజూరు కాగితం ఇవ్వడానికి వెళ్ళిన రోజు ఆవిడ నన్ను కూచోబెట్టి ఒక పదం పాడింది. తొందరపడకూడదని అన్నదే, ఆ చోటు ఎలా పాడాలో పాడి చూపించింది. నా దగ్గర ఆ రోజు టేప్ రికార్డరు లేదు. మళ్ళీ వస్తానన్నాను. రెండేళ్ళ తర్వాత వెళ్ళేసరికి ఆ అరుగు ఖాళీగా ఉంది.

మీరు అలా ఆలస్యం చెయ్యవద్దు.